తదుపరి ఉత్తర్వు వచ్చేవరకు

దుకాణం మీది ఇల్లు
ఫిబ్రవరి 9

పొట్టీ,

కూర్చుని చదువు. ఫోను చేద్దామంటే మీ హాస్టల్ ఆఫీసులో ఉన్నవాళ్ళంతా పని ఆపి మరీ వింటారు. అందుకని రాస్తున్నాను.

ఈ ఇల్లు అమ్మేస్తున్నాను. అంతా కుదిరాక చెబుదామనుకున్నాను, కుదిరినట్టే కుదిరి ఆగిపోయింది. కొనేది ఎదురు వరసలోని మందుల షాపాయన. డిసెంబరులో అగ్రిమెంటు రాసుకున్నాం. పోయిన గురువారం రిజిస్ట్రేషన్ జరగాలి. మంగళవారం పొద్దున కోర్టు బంట్రోతు వచ్చి నా చేతికొక కాగితాల కట్ట ఇచ్చి, ఇంకో కాగితం కింద షట్టరు మీద అంటించాడు. తదుపరి ఉత్తర్వు వచ్చేవరకు నేనీ ఇంటిని అమ్మకూడదు, తాకట్టు పెట్టకూడదు, ఎవరికీ రాసివ్వకూడదు. దాన్ని ఇంజంక్షన్ అంటారట. కేసు వేసింది మీ తమ్ముడే. బంట్రోతు జిగురు మరిచిపోయి వస్తే, కింద మన పటాల దుకాణంలోంచి జిగురు డబ్బా తెచ్చిచ్చింది కూడా మీ తమ్ముడే. మర్యాదకేం లోటు చెయ్యలేదు.

ఈ ఇల్లు మీ అన్నయ్యా తనూ పటాలు కట్టి, కలిసి సంపాదించి కొన్నదట. పోయేముందు ఒక ఆదివారం దుకాణంలో మీ అన్నయ్య, సగం నీదేరా అన్నాడట. వీలునామాలో ఆ ముక్క లేదు, ఇల్లంతా నా పేరే ఉంది. ఏమో, అన్నాడేమో కూడా. ఫ్రేము బిగించేటప్పుడు నోట్లో మేకులు పెట్టుకుని ఆయన ఏదో ఒకటి గొణుగుతూనే ఉండేవాడు. నాతో మాత్రం అనలేదు.

నా మాట ఒక్కటీ వినకుండానే ఎలా ఇచ్చారండీ ఉత్తర్వు అని వకీలుని అడిగాను. మొదట అలాగే ఇస్తారమ్మా, తర్వాత మనం వెళ్ళి తీసేయించుకోవాలి అన్నాడు. అంటే ముందు చెంపదెబ్బ, తర్వాత విచారణ.

నేను చూసుకున్న ఇల్లు గురించి కూడా చెప్పాలి. మెట్లు లేని ఇల్లు. గుమ్మం దిగితే వీధి, వీధి మధ్యలో కూరగాయల కొట్టు, చివర డాక్టరు. రోడ్డు దాటే పనే లేదు. దానికీ అడ్వాన్సు ఇచ్చాను, ఇది అమ్మితే గాని అది చేతికి రాదు. ఇంత తొందరేమొచ్చిందని అడుగుతావు. మెట్లెక్కలేకపోతున్నాను, అదే కారణం అనుకో.

ఆ కాగితాల కట్ట వకీలుకే ఇచ్చేశాను. టైపు అక్షరాలు చీమల బారులా ఉన్నాయి, చదివే ఓపిక లేకపోయింది. మీ తమ్ముడి తరఫున సాక్షి ఒకరు ఉన్నారని మాత్రం ఆయన అన్నాడు. నీకేమైనా తెలుసా?

నీ వదిన

* * *

అమ్మాయిల హాస్టల్, వార్డెన్ గది
ఫిబ్రవరి 16

వదినా,

నీ ఉత్తరం చూసి గుండె జారిపోయింది. తమ్ముడు ఇంత పని చేస్తాడని కలలో కూడా అనుకోలేదు. నీ చేతి అన్నం తిన్నవాడికి నీ మీద కేసు వెయ్యడానికి చేతులెలా వచ్చాయో.

అయినా కంగారు పడకు. మా లెక్కల మాస్టారి బావగారు వకీలు, ఆయన్ని అడిగించాను. ఇది మధ్యంతర ఉత్తర్వేనట, తీర్పు కాదు. ఎవరూ గెలవలేదు, ఎవరూ ఓడలేదు, కేసు తేలేదాకా ఎక్కడివాళ్ళు అక్కడే ఉండమని చెప్పడం, అంతే. ఉన్న ఇల్లు ఉన్నట్టే ఉంటుంది. నువ్వూ ఉన్నట్టే ఉంటావు. దీనివల్ల నీకు పోయేదేమీ లేదు. మెట్లు కష్టమైతే గోడకి పట్టుకునే కడ్డీ వేయించుకో, మా హాస్టల్లో వేయించాం, చక్కగా ఉంది.

సాక్షి సంగతి నాకెలా తెలుస్తుంది? వాడి స్నేహితుడెవడో అయ్యుంటాడు.

అది సరే గాని, నీ అక్షరాలేమిటి, ఇంత లావెక్కాయి? పేజీకి ఏడు వరసలు, మొత్తం పదమూడు పేజీలు. కవరు తెరుస్తుంటే మా ఆఫీసువాళ్ళు ఏదో పుస్తకం వచ్చిందనుకున్నారు. కాగితాల కొట్టువాడు నీకేమైనా చుట్టమా?

వెనక గది తాళంచెవి నా దగ్గర భద్రంగా ఉంది. సెలవుల్లో వస్తాను. అందాకా ఆ గదిలో ఫ్రేము చెక్కలు పెట్టనివ్వకు, చెదలు పడతాయి.

నీ పొట్టి

* * *

దుకాణం మీది ఇల్లు
మార్చి 20

పొట్టీ,

నాకు పోయేదేమీ లేదని రాశావు. మా వకీలు కూడా అదే అడిగాడు, మీకేం నష్టమమ్మా అని. మొన్న మొదటి వాయిదాకి వెళ్ళాను. కోర్టు వరండాలో ఒక బల్ల, దాని మీద నేను, ఆ చివర మీ తమ్ముడు, మధ్యలో పెళ్ళి కేసు వాళ్ళెవరో కాఫీ తాగుతూ. పదకొండింటికి పిలుస్తారన్నారు, మూడింటికి పిలిచి ఏప్రిల్‌కి వాయిదా వేశారు. తిరిగి వచ్చేటప్పుడు ఇద్దరం ఒకే బస్సు. మీ తమ్ముడే లేచి నాకు సీటు ఇచ్చాడు, టికెట్టు కూడా తీశాడు. పక్కావిడ, మీ అబ్బాయా అండీ, ఎంత బుద్ధిమంతుడు అంది. అవునండీ అన్నాను.

జడ్జి ఇప్పుడు చూసేవి మూడేనట. కేసులో పైకి చూడగానే బలం కనిపిస్తోందా, అమ్మకం ఆపితే ఎవరికి ఎక్కువ ఇబ్బంది, తర్వాత పూడ్చలేని నష్టం ఎవరికి. సాక్షుల్ని బోనులో నిలబెట్టి అడగడం అదంతా ఎప్పుడో తర్వాత. ఇప్పటికి అఫిడవిట్లే ఆధారం, అంటే ప్రమాణం చేసి సంతకం పెట్టిన కాగితాలు. అందులో ఏం రాస్తే ప్రస్తుతానికి అదే నిజం. ఇల్లు అమ్మేస్తే మీ తమ్ముడికి దుకాణం పోతుంది, అది పూడ్చలేని నష్టమని వాళ్ళ వకీలు అన్నాడు. అదీ అబద్ధం కాదు, ముప్పై ఏళ్ళు అక్కడే కూర్చున్నాడు. ఆ మాట కోర్టులో కాకుండా మేడమీదికొచ్చి నాతో అనుంటే ఏదో దారి చూసేదాన్ని.

కొత్త ఇంటికి నాలుగుసార్లు వెళ్ళొచ్చాను. ఇంటాయన మంచివాడు, తాళంచెవి ఇచ్చి, చూసుకోండమ్మా అంటాడు. ఏ తలుపు ఎటు తెరుచుకుంటుందో, కిటికీ రెక్క ఎక్కడిదాకా వస్తుందో, వంటింటి గట్టు ఎంత ఎత్తో అన్నీ చూసుకున్నాను. కళ్ళు మూసుకుని గుమ్మం నుంచి పెరటిదాకా నడిచాను కూడా, ఎక్కడా తగల్లేదు. ఇంటాయన గుమ్మంలో నిలబడి చూసి, ఈవిడకేదో తేడా ఉందనుకున్నాడు. మే ఇరవై వరకు ఆగుతానన్నాడు.

మా వకీలు గుమాస్తా ఆ కాగితాల కట్టంతా నన్ను కూర్చోబెట్టి చదివి వినిపించాడు, అఫిడవిట్లతో సహా. అందులో ఏముందో రాయను. నీకేమైనా చెప్పాలనిపిస్తే రాయి. ఏదైనా పరవాలేదు.

నీ వదిన

* * *

అమ్మాయిల హాస్టల్
ఏప్రిల్ 3

వదినా,

ఇక్కడ పరీక్షల హడావుడి, ఊపిరి తీసుకోవడానికి లేదు. అందుకే ఆలస్యం.

నాకు చెప్పడానికేముంటుంది? నన్నెవరూ ఏమీ అడగరు కదా. అన్నయ్య వీలునామా రాసినప్పుడు అడగలేదు, నువ్వు అగ్రిమెంటు రాసినప్పుడు అడగలేదు. ఇల్లు అమ్ముతున్న సంగతి జనవరిలో తమ్ముడి ద్వారా తెలిసింది. నీ నోటి నుంచి ఎప్పుడు తెలిసింది? అంతా ఆగిపోయాక. ఇరవై రెండేళ్ళుగా ఏడాదికి పదిహేను రోజులు ఆ వెనక గదిలో పడుకుంటున్నాను. నాకంటూ ఉన్నది ఆ పదిహేను రోజులే, మిగతా రోజులన్నీ హాస్టల్‌వి. ఇంకో రెండేళ్ళలో రిటైరవుతాను, ఈ గది ఖాళీ చెయ్యాలి. ఒక ట్రంకు పెట్టె, ఒక కుర్చీ, నేను. ఎక్కడికెళ్ళాలి? ఆ గది మందుల షాపాయన సీసాలు పెట్టుకోవడానికి ఇచ్చేస్తుంటే నాకు ఒక్క మాట చెప్పాలనిపించలేదా నీకు?

రాయకూడదనుకున్నాను, రాసేశాను. నువ్వే అడిగావు.

ఆరోగ్యం జాగ్రత్త. ఈసారి సెలవుల్లో రావడం కుదరదేమో.

పొట్టి

* * *

దుకాణం మీది ఇల్లు
జూన్ 2

పొట్టీ,

గీతల కాగితం మీదే రాస్తున్నాను, అయినా వరసలు ఒకదాని మీద ఒకటి ఎక్కుతున్నాయి. ఓపిగ్గా చదువుకో.

నిన్ను అడక్కపోవడం తప్పే. ఒప్పుకుంటున్నాను.

ఏప్రిల్ వాయిదా మేకి పోయింది, మే వాయిదా సెలవుల తర్వాతకి పోయింది. కోర్టుకి కూడా వేసవి సెలవులుంటాయట, పిల్లల్లాగే. ఇంటాయన చెప్పిన గడువు దాటాక ఇంకో వారం ఆగాడు పాపం. మొన్న ఆదివారం ఆ ఇల్లు వేరేవాళ్ళకి రాసిచ్చేశాడు. అడ్వాన్సు తెచ్చి నా చేతిలో పెట్టి, ఏమీ అనుకోకండమ్మా అన్నాడు. ఏమీ అనుకోలేదు. ఆయన వెళ్ళాక కాసేపు ఏడ్చాను.

జడ్జికి చెబితే వెంటనే కరిగే మాట ఒకటి ఉందని మా వకీలు నన్ను పోరుతున్నాడు. అది నాకూ తెలుసు. చెప్పను. చెబితే అవతలివాళ్ళకి ఇంకో దారి దొరుకుతుంది. అదేమిటని నన్నడక్కు.

ఆ ఇంట్లో రెండు గదులున్నాయి. రోడ్డు వైపుది చిన్నది, నాకు. పెరటి వైపుది కాస్త పెద్దది, కిటికీ పక్కన ట్రంకు పెట్టె పట్టేంత చోటుంది. ఒక్కదాన్నే ఉండేదానికి రెండు గదుల ఇల్లు ఎందుకు చూశాననుకున్నావు? రిజిస్ట్రేషన్ కాగానే నీకు తాళంచెవి కవర్లో పెట్టి పంపుదామనుకున్నాను. ముందే చెబితే వద్దంటావని, మొహమాటపడతావని చెప్పలేదు. ఇప్పుడనుకుని లాభం లేదు.

నీ వదిన

* * *

అమ్మాయిల హాస్టల్
జూన్ 15

వదినా,

ఈ ఉత్తరం ఏడోసారి రాస్తున్నాను. ఆరు చించేశాను.

ఆ సాక్షిని నేనే.

జనవరి చివర్లో తమ్ముడు ఇక్కడికి వచ్చాడు. సందర్శకుల గదిలో కూర్చుని, వదిన ఇల్లు అమ్మేస్తోంది అక్కా, నాకు దుకాణం లేదు, నీకు గది లేదు అన్నాడు. సంచిలోంచి టైపు చేసిన కాగితం తీశాడు. ఫలానా ఆదివారం మధ్యాహ్నం అన్నయ్య దుకాణంలో వాడి భుజం మీద చెయ్యి వేసి, ఇందులో సగం నీదేరా అనడం నేను కళ్ళారా చూశాననీ, చెవులారా విన్నాననీ అందులో ఉంది. ఆ ఆదివారం నేను ఆ ఊళ్ళోనే లేను వదినా. ఇక్కడ తనిఖీ. పొద్దున్నుంచి సాయంత్రందాకా దుప్పట్లు లెక్కపెట్టిస్తున్నాను. ఆ మాట తమ్ముడితో అన్నాను కూడా. అన్నయ్య నిజంగానే అన్నాడు అక్కా, ఆ టైముకి నువ్వు లేవు, అంతే తేడా, అన్నాడు. ఇద్దరం నోటరీ దగ్గరికి వెళ్ళాం. ఆయన తలెత్తి కూడా చూడకుండా ముద్ర వేశాడు. బయటికొచ్చాక తమ్ముడు చెరకు రసం ఇప్పించాడు. తాగాను.

వాడు మాయ చేశాడని రాయను. నీ మీద ఒళ్ళు మండి పెట్టాను ఆ సంతకం. ఆ గది పోతుందని పెట్టాను. కాగితం జడ్జి ఒక్కడే చూస్తాడనీ, నీకు ఎప్పటికీ తెలియదనీ అనుకున్నాను. ఇన్నేళ్ళు ఆఫీసు పని చేసి, అవతలివాళ్ళకి నకలు ఇస్తారని కూడా నాకు తట్టలేదు. నీ మార్చి ఉత్తరం చదివినప్పుడు నీకు తెలిసిపోయిందా అని భయం వేసింది. తెలిస్తే తిట్టేదానివి కదా, తిట్టలేదు కాబట్టి తెలియలేదు అని సర్దిచెప్పుకుని, పైగా నీ మీదే ఎగిరాను.

పోయిన వారం ఒకమ్మాయి సాయంత్రం హాజరు పట్టీలో తన స్నేహితురాలి సంతకం పెట్టింది. నా ముందు నిలబెట్టారు. ఆ పిల్ల గదిలో ఉండటం నువ్వు చూశావా అని అడిగాను. లేదు మేడమ్, ఉంటుందనుకున్నాను అంది. ఇలాంటివాటికి వారం రోజులు ఇంటికి పంపేదాన్ని. ఈసారి పట్టీ మూసేశాను. వెళ్ళు అన్నాను. తోటి వార్డెన్, ఒంట్లో బాగాలేదా అని అడిగింది.

ఆ రెండో గది సంగతి చదివాక అన్నం సహించడం లేదు. అది నీకు రాయడానికి కూడా నాకు హక్కు లేదు. ఏం చెయ్యమంటావో చెప్పు. ఒకటి మాత్రం దాచను, భయంగా ఉంది. తప్పుడు ప్రమాణం నేరమట. ఉద్యోగం పోవచ్చు, పెన్షన్ ఆగవచ్చు. మీ వకీలుకి తెలియకుండా ఏదైనా దారి ఉంటే చూడు. ఇది చదివి చించేయి. ఇలా అడుగుతున్నందుకు సిగ్గుగా ఉంది, అయినా అడుగుతున్నాను.

పొట్టి

* * *

దుకాణం మీది ఇల్లు
జూన్ 30

పొట్టీ,

ఇది నా చేతిరాత కాదు. ఎవరిదో నువ్వు చూడగానే గుర్తుపట్టి ఉంటావు. అవును, మీ తమ్ముడే. నేను చెబుతుంటే రాస్తున్నాడు.

నాకు చూపు పోతోంది. పోయిన అక్టోబరులో కంటి డాక్టరు చెప్పాడు. లోపల నరం ఎండిపోతోందట, అద్దాలకీ ఆపరేషన్‌కీ లొంగేది కాదు. ఏడాది, మహా అయితే ఇంకో రెండు మూడు నెలలు అన్నాడు. అందుకే తొందరపడ్డాను. చూపుండగానే కొత్త ఇంట్లోకి వెళ్ళి, ఏది ఎక్కడుందో కళ్ళకి బాగా అలవాటు చేసుకుంటే, పోయాక కూడా తడుముకోకుండా బతకవచ్చని నా లెక్క. ఎక్కడివాళ్ళు అక్కడే ఉండమని కోర్టు అంది. నేను ఉన్నాను. నా కళ్ళకి ఆ ఉత్తర్వు అందలేదు.

ఇది జడ్జికి చెప్పమనే వకీలు పోరింది. చెబితే అవతలి వకీలు వెంటనే, చూపు సరిగ్గా లేని ఆవిడ చేత ఏం చదివించి సంతకం పెట్టించారు అంటాడు, అగ్రిమెంటే చెల్లదంటాడు. అందుకని నోరు మూసుకున్నాను. నీకూ చెప్పలేదు.

నీ ఉత్తరం వచ్చేసరికి భూతద్దం పెట్టినా అక్షరం నిలవడం లేదు. మూడు రోజులు దిండు కింద పెట్టుకున్నాను. కవరు బరువుగా ఉంది, అందులో ఏముందో నాకు తెలుస్తూనే ఉంది. ఎవరి చేత చదివించుకోను? వకీలు దగ్గరికి తీసుకెళ్తే నీ మెడకి చుట్టుకుంటుంది. నాలుగో రోజు ఎప్పటిలాగే పోస్టు పట్టుకుని మీ తమ్ముడు పైకొచ్చాడు. కాస్త ఇది చదివి పెట్టు అన్నాను. నీకేమైంది వదినా అన్నాడు. ముందు చదవరా అన్నాను. ఆ సాక్షిని నేనే అన్నచోట ఆగాడు. ఆపకు అన్నాను. చెరకు రసం దగ్గర మళ్ళీ ఆగాడు. చివరిదాకా చదివించాను. చదివాక కాగితాలు మడిచి కవర్లో పెట్టాడు. ఎన్నాళ్ళ నుంచి కనబడటం లేదు వదినా అని అడిగాడు. చెప్పాను. మీ వకీలుకి చెప్పుకుంటావో ఏం చేసుకుంటావో నీ ఇష్టం, ఇక దాచేదేమీ లేదు అన్నాను. చెప్పనన్నాడు. కేసు మాత్రం వెనక్కి తీసుకోనన్నాడు. అన్నయ్య ఆ మాట నిజంగా అన్నాడు వదినా, నేను కల్పించింది అక్కని ఒక్కదాన్నే, అన్నాడు. ఈ వాక్యం రాస్తున్నప్పుడు కలం ఆగింది, నాకు వినిపించింది.

నీ అఫిడవిట్టు సంగతి నాకు మార్చిలోనే తెలుసు. గుమాస్తా నీ సంతకందాకా చదివి వినిపించాడు. నీ అంతట నువ్వే చెబుతావని కూర్చున్నాను. తప్పంతా నీదే అని నేను రాయించను. నా కళ్ళ సంగతి ఒక్క ముక్క రాసుంటే మర్నాటి బస్సుకి వచ్చిపడేదానివి. జాలిపడి చెప్పే నిజం నాకక్కర్లేదని మంకుపట్టు పట్టాను. దానికి మూడు నెలలు పోయాయి. నా దగ్గర ఉన్నవే కొన్ని నెలలు.

నీ ఉత్తరం చించలేదు, ఎవరికీ ఇవ్వనూ లేదు. ఏం చెయ్యాలో నీకు చెప్పను. వాయిదా జులై 18.

వదిన

అక్కా, వదిన చెప్పినట్టే రాశాను, నా మీద చెప్పినవి కూడా ఒక్క మాట తీసెయ్యలేదు. నువ్వేం చేసినా నేను నిన్నేమీ అనను. తమ్ముడు.

* * *

అమ్మాయిల హాస్టల్
జులై 25

వదినా,

మీ వకీలు నీకు చెప్పే ఉంటాడు. అయినా నా నోటితో నేను చెప్పాలి.

18న వచ్చాను. నిన్ను వరండాలో చూశాను, గోడ పక్కన ఆ బల్ల మీద. నీ ముందు నుంచే నడిచాను. నువ్వు తల తిప్పలేదు. కోపమనుకున్నాను ఒక్క క్షణం, తర్వాత నీ కళ్ళ సంగతి గుర్తొచ్చింది. పలకరించడానికి ముఖం చెల్లలేదు.

కొత్త అఫిడవిట్టు ఇచ్చాను. మొదటిది అబద్ధమనీ, ఆ రోజు నేను అక్కడ లేననీ రాసి, హాస్టల్ తనిఖీ రిజిస్టరు నకలు జతచేశాను. జడ్జి చదివి కళ్ళజోడు తీసి నా వైపు చూశాడు. అమ్మా, రెండూ మీరు ప్రమాణం చేసి రాసినవే, రెంటిలో ఏది నమ్మమంటారు అని అడిగాడు. ఇదే సార్ అన్నాను. అప్పుడు కూడా ఇదే అన్నారు కదా అన్నాడు. ఆయన గొంతు పెంచలేదు, అక్కడున్నవాళ్ళెవరూ నవ్వలేదు. నవ్వినా బాగుండేది.

ఇంజంక్షన్ తీసేశారు. ఇల్లు అమ్ముకోవచ్చు, ధరలో సగం కేసు తేలేదాకా కోర్టులో ఉంచాలి. తమ్ముడికి వాటా ఉందా లేదా అనేది తర్వాత తేలుస్తారు. నాకు వేరే నోటీసు వస్తుంది. హాస్టల్ కమిటీ వాళ్ళకి నేనే చెప్పాను. అన్నీ తేలేవరకు సెలవులో ఉండమన్నారు. గది డిసెంబరుదాకా ఉంచుకోవచ్చట. భయపడినంత భయం వెయ్యడం లేదు, ఎందుకో తెలియదు.

నీకు మూడు నెలలు తిరిగి ఇవ్వలేను. ఆ ఇల్లు తిరిగి ఇవ్వలేను. పూడ్చలేని నష్టం అని నువ్వు రాసిన మాట రోజూ తలుచుకుంటున్నాను. నువ్వు ఎక్కడ ఇల్లు తీసుకున్నా వచ్చేస్తాను. వంట నేను చేస్తాను, కాగితాలు నేను చదువుతాను, వీధిలోకి నేను తీసుకెళ్తాను. ఇక నుంచి నీ కళ్ళు నావే అనుకో. ఎప్పుడు రమ్మంటావో రాయించు, సామాను సర్దుకుని ఉన్నాను.

నీ పొట్టి

* * *

కొత్త ఇల్లు
అక్టోబరు 11

పొట్టీ,

ఈసారి రాస్తున్నది పక్కింటి టీచరమ్మ. రిటైరైంది, తోచడం లేదట. నా మాటలు సరిచేయబోతే వద్దన్నాను, ఎలా అంటే అలాగే రాస్తోంది.

నీ మూడు ఉత్తరాలూ అందాయి. జవాబు ఆలస్యానికి కారణం ఇల్లు మారడమే. ఉత్తర్వు నకలు చేతికి రావడానికి మూడు వారాలు, రిజిస్ట్రేషన్‌కి ఇంకో రెండు. మందుల షాపాయన మాట నిలబెట్టుకున్నాడు. మీ తమ్ముడికి కింద దుకాణం అద్దెకి ఉంచాడు, కేసు తేలేదాకా ఖాళీ చెయ్యమననన్నాడు. సామానంతా మీ తమ్ముడే మోశాడు. ఇప్పుడు వారానికోసారి వస్తాడు, తలుపు దగ్గర నిలబడి, వదినా నేనే అంటాడు, కూర్చోమంటే గాని కూర్చోడు.

రిజిస్ట్రేషన్ నాటికి కిటికీ ఎక్కడుందో తెలిసేంత వెలుతురు మిగిలింది. సెప్టెంబరు సగమయ్యేసరికి అదీ పోయింది. కాబట్టి ఈ ఇంటిని నేను చూడలేదు, ఒక్కసారి కూడా. వకీలు గుమాస్తా వెతికిపెట్టాడు. మెట్లు లేవు, రెండు గదులున్నాయి, ఇవి నేను నడిచి తెలుసుకున్నవి. మిగతావన్నీ వాళ్ళూ వీళ్ళూ చెప్పినవి. గోడలకి లేత ఆకుపచ్చ రంగు అని టీచరమ్మ అంది, అయితే లేత ఆకుపచ్చే. పెరట్లో గోడ ఎత్తుగా ఉంది భయం లేదు అని మీ తమ్ముడన్నాడు, అయితే భయం లేదు. మొదటి వారం పొయ్యి ఎడమవైపు ఉందని నాకు నేనే అనుకుని చెయ్యి కాల్చుకున్నాను. మానిపోయింది, నువ్వు మళ్ళీ దానికి ఏడవకు.

వచ్చి నా కళ్ళుగా ఉంటానని మూడు ఉత్తరాల్లోనూ రాశావు. చాలా ఆలోచించాను. కోర్టులో నువ్వు చేసిన పని తేలికైంది కాదు, నాకు తెలుసు. నీ ఉద్యోగం సంగతి విని ఇక్కడ ఒక పూట నేనూ తినలేదు. నీ మీద కోపం లేదు, నిజంగానే లేదు. కానీ కళ్ళుంటే పక్కమనిషి ఏది చెప్పినా తల తిప్పి చూసుకోవచ్చు. ఇప్పుడు నాకు ఎవరు ఏది చెబితే అదే ఇల్లు, అదే వీధి, అదే చేతిలో ఉన్న కాగితం. పొయ్యి ఆర్పానని నువ్వంటే నేను లేచి వెళ్ళి చెయ్యి పెట్టి చూస్తాను. గుమ్మం దగ్గర ఏమీ అడ్డం లేదంటే కాలితో వెతుక్కుంటాను. పైకి అననుగాని, చేస్తాను. నువ్వది చూస్తావు. చూసి ఊరుకోలేవు, ఊరుకోమని నేను అడగలేను. అలా ఒక ఇంట్లో ఇద్దరం ఎన్నాళ్ళుంటాం?

అందుకని ఇంటిని చేత్తో నేర్చుకుంటున్నాను. వారానికొక గోడ. తలుపులు, గడియలు, అలమరలో ఏ డబ్బా పక్కన ఏ డబ్బా, కుళాయి నుంచి గుమ్మానికి ఎన్ని అడుగులు. ఇంకా పెరడు మిగిలింది, నీ గది మిగిలింది. అంతా నా చేతికి వచ్చాక, నువ్వు ఏం చెప్పినా తడిమి సరిచూసుకోగలనని నాకు ధైర్యం వచ్చాక, కబురు చేస్తాను. అప్పుడు ట్రంకు పెట్టెతో సహా రా. అప్పటిదాకా రావద్దు.

ఉత్తరాలు రాయి. టీచరమ్మ ఉన్నదున్నట్టు చదువుతుంది.

వదిన